సూర్యకాంతం వేసింది ఒక్క పాత్రేనా?

సూర్యకాంతం మీద తెలుగులో వచ్చే వ్యాసాలు చాలావరకు మూడు మాటల దగ్గర తిరుగుతాయి. తెర మీద గయ్యాళి, తెర వెనక వెన్నపూస, ఆవిడ దెబ్బకి తెలుగువాళ్ళు ఆడపిల్లలకి ఆ పేరు పెట్టుకోవడమే మానేశారు. 2024లో శతజయంతి వచ్చినప్పుడు కూడా ఈ మూడే తిరగేసి మరగేసి రాశారు. వినడానికి పొగడ్తలాగే ఉంటుంది. కాస్త నిదానించి చూస్తే, నలభై ఏళ్ళకు పైగా సాగిన ఒక నటి పనిని పనిగా చూడకుండా తప్పించుకునే పద్ధతి ఇది. మొదటి మాట ఆమె పాత్రలన్నింటినీ ఒకే మూటగా కట్టేస్తుంది. రెండోది ఆమె నటన నుంచి మనసు మంచితనం వైపు చర్చను మళ్ళిస్తుంది. మూడోది ఆమెను సామెతగా మార్చి చేతులు దులుపుకుంటుంది. ఈ అభిప్రాయం తప్పని చెప్పడానికి ఆమె పుట్టిన కాకినాడ దగ్గరి వెంకటకృష్ణరాయపురం నుంచి కాకుండా, ఇంకాస్త ఉత్తరాన విజయనగరం నుంచి మొదలుపెట్టాలి. ఎందుకంటే ఆమె వేసిన పాత్రల్లో అందరూ మరిచిపోయింది ఒకటి ఈ నేల మీద పుట్టింది. అందరికీ గుర్తున్న గుండమ్మను అర్థం చేసుకోవడానికి అదే దారి.

ముందు తేలిక విషయం తేల్చుకుందాం. సూర్యకాంతం నటించలేదు, ఆ గయ్యాళితనం ఆవిడ తీరులోనే ఉంది, కెమెరా పెడితే చాలు అన్నది ఈ అభిప్రాయంలో బాగా పాతుకుపోయిన భాగం. 'గుండమ్మ కథ'కు మాటలు రాస్తున్న డి.వి.నరసరాజుతో చక్రపాణి, గుండమ్మను గయ్యాళిగా చూపించడానికి ప్రత్యేకంగా ఏమీ రాయక్కర్లేదు, సూర్యకాంతం తెర మీదికి వస్తే చాలన్నారని చెప్పుకుంటారు. ఆ మాట అన్నారనే అనుకుందాం. 1962 నాటికి అది నిజం కూడా. కానీ 1950లో నిజం కాదు. 1950లో ఎల్.వి.ప్రసాద్ దర్శకత్వంలో వచ్చిన 'సంసారం'లో ఆమె గయ్యాళి అత్తగా స్థిరపడే నాటికి ఆమె వయసు ఇరవై ఆరు. నాట్యం మీద, నాయిక వేషాల మీద ఆశతో మద్రాసు చేరిన మనిషి. 'గుండమ్మ కథ' 1962 జూన్‌లో విడుదలయ్యే నాటికి ఆమెకు ముప్ఫై ఎనిమిది నిండలేదు. తెర మీద ఆమెకు అల్లుళ్ళుగా వచ్చిన ఎన్టీ రామారావు, అక్కినేని నాగేశ్వరరావు ఇద్దరూ వయసులో ఆమెకంటే పెద్దవాళ్ళు. 'మాయాబజార్'లో ఆమెను అమ్మా అని పిలిచే ఘటోత్కచుడు ఎస్వీ రంగారావు 1918లో పుట్టినవాడు, ఆమె 1924లో. అంటే కొడుకు తల్లికంటే ఆరేళ్ళు పెద్ద! తనకంటే పెద్దవాళ్ళకు అత్తగా, తల్లిగా నిలబడి ఏ ఒక్క ప్రేక్షకుడికీ అనుమానం రానివ్వకపోవడాన్ని స్వభావం అని సరిపెట్టేస్తే, మరి నటన అని దేన్ని అంటాం? చక్రపాణి చూసింది పన్నెండేళ్ళ కష్టం పోగుపడ్డాక మిగిలిన ఫలితాన్ని. అది ఆయనకు అప్పటికే సిద్ధంగా దొరికింది, అంతే.

ఇక అసలు సంగతి. 1955లో పి.పుల్లయ్య దర్శకత్వంలో గురజాడ నాటకం 'కన్యాశుల్కం' సినిమాగా వచ్చింది. అందులో మధురవాణి సావిత్రి, బుచ్చమ్మ షావుకారు జానకి, గిరీశం రామారావు. ఈ మూడు పేర్లూ అందరికీ తెలుసు. లుబ్ధావధాన్లు కూతురు మీనాక్షిగా వేసింది సూర్యకాంతం. ఆ సంగతి ఆమె జాబితాల్లో కనిపిస్తుంది తప్ప ఆమె మీద రాసే వ్యాసాల్లో కనిపించదు. కారణం ఊహించడం కష్టం కాదు. మీనాక్షి గయ్యాళి మూసలో ఇమడదు. ఆమె విధవ కూతురు. తండ్రి ఇంట్లో చాకిరీ ఆమెది, పెత్తనం ఆయనది. రామప్పపంతులు ఆమెకు ఆశ పెట్టి, అవసరం తీరాక వదిలేసే రకం. ముసలితనంలో తండ్రి పద్దెనిమిది వందలు పోసి పదేళ్ళ పిల్లను కొనుక్కోవడానికి సిద్ధపడతాడు, ఆ ఇంట్లోనే కూతురికి మాత్రం మళ్ళీ పెళ్ళి అన్న మాట నోట రాకూడదు. గురజాడ నాటకంలో నవ్వు ఎక్కువ కాబట్టి ఈ క్రూరత్వం మన కళ్ళ ముందే జారిపోతుంది. నాటకం నిండా విధవలే. బుచ్చమ్మ, మీనాక్షి, పూటకూళ్ళమ్మ. ఒకర్ని గిరీశం లేవదీసుకుపోతాడు, ఒకరి దగ్గర తిండీ డబ్బూ దండుకుంటాడు, మిగిలిన ఒకర్ని రామప్పపంతులు చూసుకుంటాడు.

ఇది కల్పన అని కొట్టిపారెయ్యడానికీ లేదు. 1897 తొలి ముద్రణకు రాసిన పీఠికలో గురజాడ ఒక లెక్క ఇచ్చారు. విజయనగరం మహారాజు ఆనంద గజపతి అంతకు కొన్నేళ్ళ కిందట విశాఖపట్నం జిల్లాలో మూడేళ్ళలో జరిగిన శుల్క వివాహాల జాబితా తయారు చేయించారు. తేలినవి 1,034. అందులో పెళ్ళికూతుళ్ళ వయసు ఐదేళ్ళున్నవి 99, నాలుగేళ్ళవి 44, మూడేళ్ళవి 36, రెండేళ్ళవి 6, ఏడాది పిల్లలు ముగ్గురు. ఈ పసిపిల్లలని చేసుకున్న ముసలి మొగుళ్ళు ఎన్నాళ్ళు బతుకుతారు? ఆ జాబితాలోని పిల్లలు పదేళ్ళు తిరిగేసరికి పుట్టింటి వంటింట్లో తేలేది మీనాక్షులుగానే. 1892 ఆగస్టులో విజయనగరంలో జగన్నాథ విలాసినీ సభ వారు నాటకం ఆడినప్పుడు ఎదురుగా కూర్చున్నవాళ్ళకి మీనాక్షి ఎవరో వేరే చెప్పనక్కర్లేదు, ప్రతి అగ్రహారంలో ఉంది. ఆమెకు తండ్రి ఆస్తిలో వాటా లేదు, అత్తింటి నుంచి దక్కితే మనోవర్తి. అంతకు మించి ఏమీ లేని మనిషికి మిగిలే ఆయుధం ఒకటే, నోరు. ఉత్తరాంధ్ర ఇళ్ళలో ఆ నోటిని 'సాధింపు' అన్నారు, 'దెప్పుళ్ళు' అన్నారు, ఇంకా చెడ్డ మాటలూ అన్నారు. దాని వెనక ఉన్న లెక్కను రాసిపెట్టింది గురజాడ.

ఇప్పుడు గుండమ్మ దగ్గరికి రండి. ఆవిడా విధవే. ఈ చిన్న సంగతిని మనం ఎంత సులువుగా దాటేస్తామో ఆశ్చర్యం. భర్త పోయిన ఆడది ఇల్లు నడుపుతోంది, తాళాలు ఆమె చేతిలో ఉన్నాయి, పెళ్ళిళ్ళ సంగతి ఆమె తేలుస్తుంది, ఊళ్ళో మగవాళ్ళు పనులు కావాలంటే ఆమె మెప్పు సంపాదించాలి. 1937 చట్టం హిందూ విధవకు భర్త ఆస్తిలో ఇచ్చింది బతికినన్నాళ్ళ అనుభవం మాత్రమే. అమ్ముకునే స్వేచ్ఛ లేని హక్కది. 1956 హిందూ వారసత్వ చట్టం పద్నాలుగో సెక్షన్ ఆ పరిమితిని తీసేసి, ఆడదాని ఆస్తిని పూర్తిగా ఆమెది చేసింది. అలా చేసిన ఆరేళ్ళకు, విజయా వారు నాయకులిద్దర్నీ పక్కన పెట్టి ఒక ఆస్తిపరురాలైన విధవ పేరు సినిమాకి పెట్టారు. రామారావుకి అది నూరో సినిమా, నాగేశ్వరరావుకి తొంభై తొమ్మిదోది. అంతటి సినిమాకి టైటిలు సహాయ నటి పాత్రది! బి.విఠలాచార్య 1958లో కన్నడంలో తీసిన 'మనె తుంబిద హెణ్ణు' నుంచి ఆ కథ వచ్చింది నిజమే, నాగిరెడ్డి, చక్రపాణి చట్టం పుస్తకం ముందు పెట్టుకుని సినిమా తీశారని నేననడం లేదు. కానీ చూసే జనం కొత్త భయాలతో హాల్లోకి వచ్చారు. ఆడదాని చేతికి తాళాలు వస్తే ఏమవుతుంది అన్నది అప్పుడు ఇంటింటి ప్రశ్న. మీనాక్షికి లేనివన్నీ గుండమ్మకు ఉన్నాయి. ఈ ఇద్దర్నీ ఏడేళ్ళ తేడాతో తెర మీద నిలబెట్టింది ఒకే నటి. మన సినిమా చరిత్రలు ఈ రెండు పాత్రలనీ పక్కపక్కన పెట్టి చూడకపోవడం నాకు అంతుపట్టని విషయం.

గుండమ్మను సూర్యకాంతం ఎలా చేశారో చూడండి. సవతి కూతురు లక్ష్మిని ఆమె పనిమనిషిలా చూస్తుంది, అది దుర్మార్గమే, సినిమా దాన్ని దాచదు. అయితే ఆ కేకల వెంటే ఒక అమాయకత్వం కూడా నడుస్తుంది. పొగిడితే చాలు లొంగిపోతుంది. ఎవరు తన మేలు కోరుతున్నారో, ఎవరు దోచుకోవాలని చూస్తున్నారో పోల్చుకోలేదు. ఘంటయ్య లాంటివాడు మాటలతో ఆడిస్తాడు. ఎడమచేత్తో కొంగు దోపుకుని, ఆ చెయ్యే విసురుతూ గొంతు లేపుతుంది, ఎదుటివాడు ఒక్క మెచ్చుకోలు మాట విసిరేసరికి మొహంలో మెరుపు, అదే గుక్కలో స్వరం దిగిపోతుంది. కోపం నుంచి మురిపానికి ఆ జారుడులో కోత కనిపించదు. ఇక చివరి భాగంలో ఛాయాదేవి వేసిన దుర్గమ్మ ఆ ఇంట్లో చేరి గుండమ్మ మీదే పెత్తనం చేస్తుంది. అంతవరకు ఊరిని వణికించిన మనిషి తన ఇంట్లోనే బిక్కచచ్చిపోతుంది. గుండమ్మ ఉట్టి గయ్యాళే అయితే కథకు ఇంకో గయ్యాళి ఎందుకు కావలసివచ్చింది? ఛాయాదేవి దుర్గమ్మలో జాలికి చోటు లేదు, అది అసలైన మూస పాత్ర, ఆమె దాన్ని అలాగే అద్భుతంగా చేశారు. ఇద్దరినీ పక్కన పెట్టి చూస్తే గుండమ్మ నోటి వెనక ఉన్నది భయమని తెలుస్తుంది. తాళాలు పోతే తనూ మీనాక్షే అవుతుందన్న భయం. నరసరాజు మాటల్లో ఇది ఎంత ఉందో, ఆమె మొహంలో ఎంత ఉందో విడదీసి చెప్పడం కష్టం. ప్రేక్షకులకు మాత్రం చివర్లో గుండమ్మ మీద కోపం రాదు, అయ్యో అనిపిస్తుంది.

మిగతా పాత్రల సంగతి తొందరగానే చెప్పొచ్చు. 'తోడికోడళ్ళు' (1957)లో అనసూయ అత్త కాదు, ఉమ్మడి కుటుంబంలో వాటా ఎక్కడ పోతుందోనని అనుమానంతో బతికే కోడలు. ఉమ్మడి కుటుంబం విడిపోవడం అన్నది ఆ దశాబ్దపు తెలుగు సినిమాకి ఇష్టమైన కథ. విడిపోవడానికి ఆర్థిక కారణాలు వంద ఉంటాయి, సినిమాకి ఒక మనిషి కావాలి, ఆ మనిషి ఆడదైతే అన్నదమ్ములు చివర్లో కావలించుకోవడానికి అడ్డుండదు. ఆ నింద మోసే పని సూర్యకాంతానిది. అదే ఏడాది కె.వి.రెడ్డి 'మాయాబజార్'లో ఆమె హిడింబి. అడవిలోకి వచ్చిన సుభద్రాభిమన్యులను ఆదరించే తల్లి, రంకెలు వేసే కొడుకుని ఒక్క మాటతో నెమ్మదింపజేసే తల్లి. రాక్షసి అని పేరున్న పాత్రలో ఆమె గొంతు ఒక్కసారి కూడా పగలదు. ఒకే ఏడాది, అదే నటి. మూస అన్నవాళ్ళు ఈ రెంటినీ ఏ అరలో సర్దుతారో చెప్పాలి.

గొంతు సంగతి వచ్చింది కాబట్టి ఒక మాట. ఆ కాలపు నాయికకు సగం బలం బయట నుంచి వచ్చేది. సావిత్రి పాట విజయనగరంలో పుట్టిన పి.సుశీల గొంతులోంచి వచ్చేది, దానికి బాణీ కట్టింది చాలాసార్లు విజయనగరం సంగీత కళాశాలలో చదువుకున్న ఘంటసాల. పాటలో నాయిక పలికించలేనిది ఏదైనా ఉంటే అది సుశీల పలికించేవారు. ఇది నాయికలను తక్కువ చెయ్యడం కాదు, ఆ విద్యే అలాంటిది. సహాయ నటికి అటువంటి ఆసరా లేదు. ఆమెకు పాట ఉండదు, సూర్యకాంతం అయితే మరీను. ఉన్నది మాట ఒక్కటే, అది తన గొంతుతోనే, ఒకే షాటులో, ఎదురుగా రేలంగో రమణారెడ్డో ఉండగా పలకాలి. దీర్ఘం ఎక్కడ తీయాలి, ఏ మాట మింగాలి, ఎక్కడ ముక్కు చీదాలి, ఈ లెక్క తప్పితే హాస్యం రోతగా మారుతుంది. ఆ లెక్క ఆమెకు తప్పలేదు. తెలుగు ఇంటి ఆడవాళ్ళ వాడుకమాటను 1892లో రంగస్థలం మీదికి ఎక్కించిన ఘనత గురజాడదని ఒప్పుకుంటాం. సినిమాలు గ్రాంథికపు నీడ నుంచి ఇంకా పూర్తిగా బయటపడని రోజుల్లో, నాయిక పుస్తకం చదివినట్టు మాట్లాడుతుంటే, వంటింటి తెలుగును తెర మీద బతికించినవాళ్ళలో సూర్యకాంతం, ఛాయాదేవి, హేమలత, ఋష్యేంద్రమణి ముందుంటారని ఒప్పుకోవడానికి మాత్రం మనకు మొహమాటం.

దీనికి గట్టి అభ్యంతరం ఒకటుంది, దాన్ని తేలిగ్గా తీసెయ్యకూడదు. అత్తాకోడళ్ళ మధ్య ద్వేషాన్ని వినోదంగా అమ్మిన సినిమాలివి, ఆడదానికి ఆడదే శత్రువు అన్న అబద్ధాన్ని రెండు తరాలకు నూరిపోశాయి, సూర్యకాంతం నటన ఎంత గొప్పదైతే ఆ అబద్ధం అంత బాగా ఎక్కింది అంటారు. ఇందులో సగం ఒప్పుకోక తప్పదు. ఆ కథలు చాలావరకు కట్నం అడిగిన మామగారిని, తల్లి చాటున దాక్కున్న కొడుకుని వదిలేసి, తల్లి ఒక్కదాన్నే బోనులో నిలబెట్టాయి. ఆ అన్యాయం కథ రాసినవాళ్ళది, డబ్బు పెట్టినవాళ్ళది, చప్పట్లు కొట్టినవాళ్ళది. అయితే ఆ కథల్లోంచి సూర్యకాంతాన్ని తీసేసి చూడండి, మిగిలేది ఉట్టి రాక్షసి. ఆమె ఉన్నచోట ఆ మనిషికి ఒక వాదన ఉంటుంది. డబ్బు, తాళాలు, వయసు మీదపడుతున్న భయం, కొడుకు చేయిజారిపోతాడన్న దిగులు. కథ చెప్పడానికి ఇష్టపడని కారణాలను ఆమె మొహం చెప్పేస్తుంది. అబద్ధాన్ని నమ్మించింది అనేకంటే, ఆ అబద్ధంలో ఉన్న అతుకులు కనిపించేలా చేసింది అనడం న్యాయం. అందరూ అది చూశారా అంటే చూడలేదు, ఆ తప్పు నటిది కాదు.

రెండో అభ్యంతరం ఇంకా సూటిది. వందల సినిమాల్లో ఒకే రకం వేషం వేశారు కదా, అందులో పస లేనివి ఎన్నో, వాటి మాటేమిటి? నిజమే, చాలా ఉన్నాయి. 1970ల తరవాత వచ్చిన కొన్ని సినిమాల్లో ఆమెను పిలిచింది అరవడానికే అనిపిస్తుంది, ఆమె కూడా అరిచి వచ్చేశారు. సహాయ నటి జీవనం అలాంటిది. నాయకుడు కథ ఎంచుకుంటాడు, ఆమెకు కాల్షీటు వస్తుంది. నాగయ్యగారు తండ్రిగా, గుమ్మడి పెద్దమనిషిగా, రేలంగి బావగారుగా ఎన్నిసార్లు చేసినవే చెయ్యలేదు? వాళ్ళని మూస నటులు అనం. వాళ్ళలో మంచి పాత్రలు ఏరుకుని వాటితో కొలుస్తాం. సూర్యకాంతాన్ని మాత్రం మొత్తం కుప్ప పోసి తూకం వేస్తాం. ఈ కొలతలో తేడా ఎక్కడిదో ఎవరికి వారే చెప్పుకోవాలి.

ఇక పేరు కథ. పిల్లలకు సూర్యకాంతం అని పేరు పెట్టకపోవడం ఆమె నటనకు బిరుదు అంటారు. 1950ల తరవాత మన ఇళ్ళలో వెంకటసుబ్బమ్మ, శేషమ్మ, కాంతమ్మ అన్నీ వెనక్కిపోయాయి. లతలు, సుజాతలు, పద్మజలు వచ్చారు. సావిత్రి అంతటి నటి పేరు కూడా ఇవాళ పసిపిల్లల ఉయ్యాలలో వినిపించదు. నాగభూషణం అన్న పేరు తగ్గిపోయింది కాబట్టి అది ఆయన విలనీకి దక్కిన గౌరవం అని ఎవరూ రాయరు. మగవాడి పేరు మారితే కాలం మారినట్టు, ఆడదాని పేరు మారితే ఆమె నోటి మహిమ. ఇంత తేలిక కథను పొగడ్తగా ఎందుకు మోస్తున్నామో ఆలోచించాలి.

ఈ ధోరణి సూర్యకాంతంతో ఆగలేదు, అదే అసలు నష్టం. విజయనగరంలో పుట్టిన రాధాకుమారి ఉన్నారు. రంగస్థలం మీద ఆరితేరి, 1965లో ఆదుర్తి సుబ్బారావు 'తేనె మనసులు'తో సినిమాకి వచ్చి, నాలుగు దశాబ్దాలకు పైగా అమ్మగా, అత్తగా, పక్కింటి పిన్నిగా కనిపించారు. 2012 మార్చి 8న పోయారు. ఆమె గురించి చెప్పేటప్పుడు రెండు సంగతులే చెబుతారు. ఆరు వందల దాకా సినిమాలు చేశారని, రావి కొండలరావు భార్య అని. శ్రీకాకుళంలో పెరిగిన కొండలరావు రచయిత, పాత్రికేయుడు, తన కాలపు సినిమా మనుషుల గురించి ఎంతో రాసిపెట్టారు. ఆయన గురించి రాసేటప్పుడు రాధాకుమారి భర్త అని మొదలుపెట్టినవాళ్ళు లేరు. ఆరు వందల్లో ఆమె ఏ పాత్రలో ఏం చేశారు, ఏ మాట ఎలా పలికారు, ఉత్తరాంధ్ర యాసను మద్రాసు సినిమా ఆమె నోట ఉండనిచ్చిందా, చెరిపేయించిందా అని అడిగిన వ్యాసం ఏది? గయ్యాళి అన్న ముద్ర ఉన్నందుకు సూర్యకాంతం కనీసం సామెతగానైనా మిగిలారు. ముద్ర కూడా లేని రాధాకుమారి లాంటివాళ్ళు అంకెగా మిగిలారు. విజయనగరంలో గురజాడ ఇంటిని స్మారకంగా కాపాడుకుంటున్నాం, అక్కడికి వెళ్ళినవాళ్ళు మధురవాణి గురించి గంటలు మాట్లాడుకుంటారు. మీనాక్షిని తెర మీద ఎవరు వేశారని అడిగితే ఎంతమంది చెప్పగలరు?